మచ్చలేని కాపీ

కాటా ఏ సరుకునైనా రెండుసార్లు తూస్తాడు, ఒకసారి చేత్తో, ఒకసారి మనసుతో. పాత కాగితాలు తూకానికి కొనే రోజుల్లో వీధివాళ్లు పెట్టిన పేరది. ఇప్పుడు పాత కంప్యూటర్లూ వాటి విడిభాగాలూ అమ్ముకుంటున్నా పేరు మాత్రం వదల్లేదు. ఎదుటివాడు ఆవులిస్తే పేగులు లెక్కపెట్టే మనిషని అంటారు. అలాంటివాడికి నిన్న అక్క తెచ్చి బల్లమీద పెట్టిన సరుకు మాత్రం ఎంత తూచినా బరువు తెలియలేదు.

అదొక ఫ్లాపీ డిస్కు. అరచేతికంటే కాస్త పెద్దది, నల్లది, పట్టుకుంటే వంగిపోయే పాతరకం. లేబుల్ మీద బావ చేతిరాత: ఒంటి లైను.

బావ పెళ్లికి ముందు రాసిన కంప్యూటర్ ఆట అది. ఉన్నది ఒకటే రైలు లైను. దానిమీద ఎదురెదురుగా వచ్చే సరుకు బళ్లు. సిగ్నళ్లు మారుస్తూ, ఒకదాన్ని పక్కలైన్లోకి తప్పించి ఇంకోదాన్ని వదులుతూ, గుద్దుకోకుండా అన్నిటినీ చివరి స్టేషనుకు చేర్చాలి. ఆ రోజుల్లో బావ దాన్ని డిస్కుల్లో పెట్టి అమ్మాడు. కొన్నవాళ్లు వేళ్లమీద లెక్క. వాళ్ల దగ్గర కాపీ చేసుకున్నవాళ్లు ఊరంతా. చెట్టు మనది, కాయలు దారినపోయేవాళ్లవి అని తేలాక బావ ఆటలు మానేసి ఒక ఆఫీసులో కుదురుకున్నాడు. పోయినేడు ఆ ఆఫీసు మూతపడింది. అప్పట్నించీ కిటికీ తెర కూడా తియ్యకుండా గదిలో కూర్చుంటున్నాడు. పెడితే తింటాడు, పెట్టకపోతే అడగడు.

అలా ఉండగా ఒక కంపెనీవాళ్లు ఫోను చేశారు. పాత ఆటల్ని ఏరి, ఇప్పటి కంప్యూటర్ల మీద ఆడేలా చేసి, అన్నీ కలిపి ఒక సంపుటంగా తెస్తున్నారట. అందులోకి ఒంటి లైను కావాలట. ఫోను తీసింది అక్క. సరేనన్నదీ అక్కే.

"బావనడక్కుండానా?" అన్నాడు కాటా.

"అడిగితే వద్దంటాడు. అడక్కపోతే వద్దనలేదు కదా."

"ఇది మా వ్యాపారుల మాట. నీకెక్కడ దొరికింది?"

"నీతో పెరిగానురా, అంటుకుంది." అక్క నవ్వబోయి ఆగిపోయింది. "ఆ కంపెనీ ఆవిడ రేపు సాయంత్రం ఇక్కడికే వస్తుంది. ఆట నడుస్తుంటే కళ్లారా చూడాలట. రేపటితో సంపుటం ఖాయం చేసేస్తారట."

"ఇంకో డిస్కు లేదా?"

"అన్నీ ఆయనే పారేశాడు. ఇదొక్కటీ నేను దాచాను. ఇది పోతే ఆట పోయినట్టే." ఆమె డిస్కుని అతని వైపు జరిపి, చెయ్యి మాత్రం దానిమీంచి తియ్యలేదు. "ఆయన మళ్లీ లేచి నలుగురిలో తిరిగితే చాలు తమ్ముడూ. నాకింకేం అక్కర్లేదు."

ఇంకేం అక్కర్లేదనే మనిషితో బేరం ఆడలేమని కాటాకి తెలుసు. అక్క తెచ్చింది తిరిగివ్వలేని సరుకు, పాడుచెయ్యలేని సరుకు.

షాపు రెండు సూత్రాల మీద నిలబడింది. మచ్చ ఉన్న సరుకుని మచ్చతో చూపించకూడదు. తుడిచి, అతికి, మెరుగుపెట్టాకే బల్లెక్కించాలి. ఇక సరుకు గురించి సొంతదారుని ఏమీ అడక్కూడదు. అడిగితే నీ అవసరం బయటపడుతుంది, అవసరం తెలిస్తే అలుసైపోతావు. ఈ రెంటితో అతను ఎన్నడూ నష్టపోలేదు.

డిస్కు తొడుగుకున్న కంతలోంచి కనిపించే నల్లటి రేకు మీద సూదిమొనంత మచ్చ ఉంది. బూజనుకున్నాడు. స్పిరిట్టులో ముంచిన దూదితో తుడిచాడు. మచ్చ పోలేదు. షాపులో మిగిలిన ఒకే ఒక పాత డ్రైవుని కొత్త కంప్యూటరుకి తగిలించి కాపీ తియ్యడం మొదలుపెట్టాడు. అంతా సాఫీగా పోయి, ఒకచోట ప్రోగ్రాం ఆగి అడిగింది: ఇక్కడ చదవలేకపోతున్నాను, ఇలాగే వదిలెయ్యనా, ఖాళీతో పూరించనా అని. చిల్లుపడ్డ బస్తాకి మాసిక వెయ్యకుండా ఎవడు ఎత్తుతాడు? కాటా పూరించమన్నాడు. మచ్చలేని కాపీ చేతికొచ్చింది.

కొత్త కంప్యూటరు లోపల పాత కంప్యూటరులా నటించే ప్రోగ్రాం ఒకటుంది. దానికి ఈ కాపీ అందించగానే ఆట లేచింది. బళ్లు మాత్రం తుపాకీ గుళ్లలా దూసుకుపోయాయి.

"సరుకు బళ్లకి దయ్యం పట్టిందేమిట్రా?" అంది అక్క.

"అప్పటి కంప్యూటరు ఎద్దుబండి అక్కా, ఇది విమానం. యంత్రం ఎంత వేగంగా పోతే ఆటా అంత వేగంగా పోతుంది. పగ్గం బిగించాలి."

వేగం తగ్గిస్తూ తగ్గిస్తూ పోగా బళ్లు నడకలో పడ్డాయి. చిన్న కూత వినిపించింది. అక్క కళ్లు తుడుచుకుంది. మొదటి స్టేషను దాటింది, రెండోది దాటింది. నదిమీది వంతెన దగ్గరకు వచ్చేసరికి, ఎర్రగా ఉండాల్సిన సిగ్నలు దానంతటదే పచ్చగా మారింది. ఎదురుగా వచ్చే బొగ్గు బండి వచ్చి గుద్దింది.

మళ్లీ ఆడితే మళ్లీ అక్కడే. వేగం ఇంకా తగ్గించాడు, పెంచాడు, నటించే ప్రోగ్రాం మార్చి వేరేది పెట్టాడు. ఈ పొద్దున్నించీ అదే పని. ప్రతిసారీ వంతెన వస్తోంది, ప్రతిసారీ సిగ్నలు మారుతోంది.

"పోనీ బావనడుగుదామా?" అంది అక్క.

"వద్దు. కాసేపాగు."

ఆమెకు తెలియనిది ఇంకొకటి ఉంది. కాపీలోనే ఏదో లోపముందనుకుని, ఆమె టీ పెట్టడానికి వెనక్కి వెళ్లినప్పుడు, అతను అసలు డిస్కుని మళ్లీ డ్రైవులో పెట్టాడు. లోపల గరగరమని చప్పుడైంది. గబుక్కున బయటికి లాగి చూస్తే, స్పిరిట్టు తగిలి మెత్తబడ్డ పూత గుండ్రంగా చారలా లేచిపోయి, అవతలి వెలుతురు కనిపిస్తోంది. గోరుచుట్టు మీద రోకటిపోటు. డిస్కుని సొరుగులో పెట్టి మూశాడు. అక్క టీ ఇస్తే అందుకోబోయి సగం బల్లమీద ఒలకబోశాడు.

"నీకెందుకురా అంత కంగారు?" అంది ఆమె. ఆ మాటతో కంగారు ఇంకాస్త పెరిగింది.

తలుపు దగ్గర అలికిడైంది. చూస్తే బావ. మాసిన చొక్కా, కాళ్లకి ఇంట్లో వేసుకునే చెప్పులు, చేతిలో అక్క ఫోను.

"ఇంట్లో మర్చిపోయావు," అన్నాడు అక్కతో. "ఎవరో ఆవిడ చేసింది. బయల్దేరిందట. ఒంటి లైను చూడ్డానికట."

గొంతు పెంచలేదు. పెంచితే బాగుండుననిపించింది కాటాకి. అరిచేవాడితో ఏదో ఒకటి తేలిపోతుంది.

"నేనే తెచ్చాను. వాడిదేం లేదు," అంది అక్క.

బావ చూపు తెరమీదికి పోయింది. వదిలేసిన ఆట దానిపాటికది నడుస్తోంది. వంతెన వచ్చింది. ఎర్రది పచ్చనైంది. బళ్లు గుద్దుకున్నాయి. బావ భుజాలు కదలడం మొదలుపెట్టాయి. ఏడుస్తున్నాడనుకుని అక్క గబుక్కున లేచింది. అతను నవ్వుతున్నాడు.

"దొరికాడు దొంగ!" అన్నాడు. "ఏరా కాటా, కాపీ చేశావా?"

"ఆడించాలంటే చెయ్యాలి కదా బావా."

"మచ్చనేం చేశావు?"

"పూరించాను."

బావ బల్ల అంచు పట్టుకుని ఇంకా నవ్వాడు. "సూదిని ఎర్రగా కాల్చి, ప్రతి డిస్కునీ ఒకేచోట పొడిచేవాణ్ణి. ఆట మొదలవగానే ఆ చోటు చదవబోతుంది. చదవలేకపోతే అసలు డిస్కు. హాయిగా చదివేస్తే కాపీ. గాయాన్ని ఎవడూ కాపీ చెయ్యలేడు కదా."

"అప్పుడే ఆపెయ్యక వంతెన దాకా రానివ్వడమెందుకు?"

"గుమ్మంలోనే పట్టుకుంటే దొంగ ఇంకో దారి వెతుక్కుంటాడు. సగం దాకా రానిచ్చి ముంచితే తప్పు తనదేననుకుంటాడు. మళ్లీ మొదట్నించీ ఆడతాడు. నీలాగ."

"నాకొక్క ముక్క చెప్పలేదే!" అంది అక్క.

"నీకు చెబితే మీ తమ్ముడికి చెప్పినట్టే." బావ స్టూలు లాక్కున్నాడు. ఎన్ని నెలలకో గొంతులో కాస్త జీవం వచ్చింది. "పూరించకుండా మళ్లీ తియ్యి. చదవలేని చోటుని చదవలేనట్టే గుర్తుపెట్టే కాపీలు ఇప్పుడున్నాయి. డిస్కేదీ?"

కాటా కదల్లేదు. ఒక మాట అబద్ధం చెప్పి సాయంత్రం గడిపెయ్యొచ్చు. డ్రైవు చెడిందనొచ్చు. మనసులో అన్నీ తూచాడు. ఏదీ నిలబడలేదు. సొరుగు లాగాడు.

బావ డిస్కుని వెలుతురుకెత్తి పట్టుకున్నాడు. చారలోంచి వెలుగు సన్నగా అతని చెంపమీద పడింది. అక్క నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

"దేంతో తుడిచావు?"

"స్పిరిట్టు."

"నన్నెందుకడగలేదు?"

దానికి కాటా దగ్గర జవాబుంది. అక్క ముందు చెప్పుకోదగ్గ జవాబు కాదది. తల వంచుకున్నాడు.

బావ డిస్కుని మెల్లగా బల్లమీద పెట్టాడు. ముఖంలో ఇందాకటి వెలుగు తగ్గుతూ వచ్చింది. లేచి వెళ్లిపోతాడనుకున్నాడు కాటా.

"అయితే మిగిలింది నీ కాపీ ఒకటే," అన్నాడు బావ. "అది తనని తాను దొంగననుకుంటోంది. ఆ తనిఖీని లోపలికెళ్లి పీకెయ్యాలి."

"నువ్వు రాసిందే కదా, పీకెయ్యి," అంది అక్క.

"ఎక్కడ దాచానో నాకు గుర్తులేదు. ఎవడికీ దొరక్కూడదని దాచాను."

"నీ తెలివి తెల్లారినట్టే ఉంది!"

బావ ఆమె వైపు చూశాడు. తర్వాత కాటాని మోచేత్తో నెట్టాడు. "జరుగు."

తెరనిండా ఆట ప్రోగ్రాం తాలూకు అంకెలు పరుచుకున్నాయి. బావ వేలు ఒక్కొక్క వరసా దిగుతూ పోయింది. ఒకచోట ఆగుతుంది, కాటా ఊపిరి బిగపడతాడు. కాదని తల ఊపి కిందికి పోతుంది. బయట కారు ఆగినప్పుడల్లా అక్క గుమ్మం వైపు చూస్తోంది. కిటికీ ఎండ బల్లమీంచి గోడమీదికి పాకింది. తనిఖీ మాత్రం దొరకలేదు.

అంతలో వచ్చిన కంపెనీ ఆవిడ నడివయసు మనిషి. భుజాన సంచి, ముక్కుమీద జారుతున్న కళ్లద్దాలు. కాటా చటుక్కున వ్యాపారి ముఖం తగిలించుకున్నాడు.

"రండి మేడం, కూర్చోండి. ఆట బ్రహ్మాండంగా నడుస్తోంది. మొదటి స్టేషను చూపిస్తాను, చాలు, మీకే తెలిసిపోతుంది." వంతెనకు ముందే ఆపెయ్యాలని అతని లెక్క.

"రెండు స్టేషన్లు నడుస్తుంది," అన్నాడు బావ వెనక్కి తిరక్కుండా. "వంతెన దగ్గర గుద్దుకుంటుంది. ఇది కాపీ. కాపీలన్నీ అక్కడ గుద్దుకుంటాయి. నేనే అలా రాశాను."

అమ్మేవాడే సరుకు పుచ్చని చెబితే కొనేదెవరు?

ఆవిడ కూర్చోలేదు. "కాపీలన్నీనా?"

"అన్నీ."

"ఎంత బాగా ఆడినా?"

"జన్మంతా ఆడినా."

ఆవిడ కళ్లద్దాలు తీసింది. మళ్లీ పెట్టుకుంది. "మా పిన్ని కొడుకు తెచ్చిచ్చాడు, చిన్నప్పుడు. సెలవులన్నీ దీంతోనే పోయాయి. వంతెన దాటలేకపోయేదాన్ని. నా బుర్ర ఇంతేననుకున్నాను. ఎప్పటికైనా చివరి స్టేషను చేరాలని, సంపుటం అనుకోగానే మొదట దీన్నే వెతికించాను."

బావ ఇటు తిరిగాడు. "అంటే మీరు కొనలేదు."

"లేదండీ."

అక్క తన చేతిసంచి పట్టీని వేలికి చుట్టి బిగిస్తోంది. కాటాకి లెక్క ఒక్కసారిగా కళ్లముందు నిలిచింది. డిస్కు కొన్నవాళ్లు ఎప్పుడో మర్చిపోయారు. ఇన్నేళ్లూ ఈ ఆటని గుండెల్లో పెట్టుకుని మోసింది దొంగలు. బావ నష్టం కింద రాసుకున్నదంతా ఎక్కడెక్కడో ఇలా వడ్డీ కడుతూనే ఉంది. ఆ మాట చెప్పాలని నోటిదాకా వచ్చింది. కానీ బావ దవడ బిగుసుకుపోయి ఉంది. ఇప్పుడు మూడోవాడు నోరు పెడితే ఆయన లేచి ఆ చెప్పులతోనే ఇంటికి పోతాడు, మళ్లీ ఆ కిటికీ తెర వేసుకుంటాడు. కాటా నాలుక కరిచిపట్టుకున్నాడు.

"వంతెన మీద మిమ్మల్ని గుద్దేది ఏ బండి?" అన్నాడు బావ చివరికి.

"బొగ్గుది. కానీ ఒకసారి దాటాను."

"దాటలేరు."

"దాటానండీ. ఖాళీ పెట్టెలన్నీ పక్కలైన్లో నిలబెట్టేసి, ఒట్టి ఇంజను వెనక్కి నడిపించి..."

"వెనక్కి నడిపినా సిగ్నలు నాది. మారుతుంది."

"మారేలోపు వంతెన ఎక్కేశాను. ఆ పై స్టేషనులో గుద్దుకున్నాననుకోండి."

"పై స్టేషనులోనా?" బావ కనుబొమలు దగ్గరకొచ్చాయి. దొంగని పట్టుకున్నవాడి ముఖమో, దొంగ చేతిలో మోసపోయినవాడి ముఖమో కాటాకి అర్థంకాలేదు. "దొంగ కాపీలో ఆ పై స్టేషను ఎవరూ చూసుండకూడదే!"

"నీలం పైకప్పు. పక్కన నీళ్ల ట్యాంకు."

బావ స్టూలు మీంచి లేచాడు. అక్క ఒక అడుగు ముందుకేసింది. అతను గుమ్మం వైపు పోలేదు, స్టూలుని కాలితో ఆవిడ వైపు నెట్టాడు.

"చూపించండి."

ఆవిడ సంచి నేలమీద పడేసి కూర్చుంది. చిన్న కూత వినిపించింది. బావ వెనక నిలబడి తెరమీదికి వంగాడు. అక్క నెమ్మదిగా కాటా పక్కకి జరిగి చెవిలో అడిగింది. "ఏరా, కుదిరినట్టేనా?"

"తెలీదక్కా," అన్నాడు కాటా. నిజంగానే తెలీదు.

తెరమీద ఖాళీ పెట్టెలు ఒక్కొక్కటీ పక్కలైన్లోకి చేరాయి. ఒట్టి ఇంజను వెనక్కి నడుస్తూ వంతెనకు దగ్గరైంది. అవతలి ఒడ్డున బొగ్గు బండి పొగ కనిపించింది.

"ఇప్పుడే మారుతుంది చూడండి," అన్నాడు బావ. "మీరు ఇంకా..."

"మాట్లాడకండి!" అంది ఆవిడ కళ్లు తిప్పకుండా.

బావ నోరు మూసుకుని ఇంకాస్త ముందుకు వంగాడు.