దారంతో కొలిచిన ఇరాక్

టీవీలో ఇరాక్ పటం మొత్తం ఎర్రగా మండుతూ ఉండేది. అది 2014 జూన్. మా అన్నమ్మత్త కొడుకు బెన్హర్ బావ అక్కడ బస్రాలో వెల్డరు. రోజూ ఫోన్ చేసి, తన వైపు గొడవేమీ లేదనేవాడు. అత్త నమ్మేది కాదు.

"పక్కన ఎవుడో నిలబడి ఆడిసేత అలా అనిపిస్తన్నాడే, దీవెనా," అంటూ అన్నం ముట్టేది కాదు.

నేను బడిలో వాడిన అట్లాసు తీసి, ఆసియా పటం మీద దారం పెట్టాను. యుద్ధం మోసుల్ దగ్గర. అక్కడి నుంచి బస్రాకి పట్టిన దారాన్ని అలాగే తెచ్చి మన దేశం మీద పెడితే, మా ఊరి పక్కనున్న నౌపడ దగ్గర మొదలై ఇంచుమించు మద్రాసు దాకా వచ్చింది.

"మద్రాసులో ఇల్లు కాలితే నౌపడలో నీళ్లు మోస్తారేటే!" అని అత్త నవ్వింది. ఆ పూట రెండుసార్లు వడ్డించుకుంది.

మర్నాడు ఇరాక్ వెళ్లినవాళ్ల ఇళ్లు వెతుక్కుంటూ మా భావనపాడుకి టీవీ చానెల్ వాళ్లు వచ్చారు. అత్త వాళ్లకి కూడా దారం చూపించి మద్రాసు సంగతి చెప్పింది. విలేఖరి అంతా విని, "అబ్బాయి ఫొటో ఉందామ్మా? చేత్తో పట్టుకోండి," అన్నాడు. ఏడవమని ఎవరూ అనలేదు. ఫొటో చేతికి రాగానే అత్తకి ఏడుపు ఆగలేదు.

సాయంత్రం వార్తల్లో ఆ ఏడుపు నాలుగుసార్లు వచ్చింది. దారం ఒక్కసారీ రాలేదు.

తెల్లారాక బావ ఫోన్. "గదిలో టీవీ సూసినాను. అమ్మకేటైందే? పని మానేసి వచ్చేస్తన్నాను."

అత్త నా చేతిలోంచి ఫోన్ లాక్కుంది. "ఒరే, టీవీ సూసి బయల్దేరిపోతావేట్రా? నాను బాగానే ఉన్నాను. సేపలు తోముతన్నాను."

"నిజం సెప్పమ్మా. పక్కన ఎవులైనా ఉండి అనిపిస్తన్నారా?"

అత్త నా వంక చూసింది. ఫోన్ రాతి పక్కన పెట్టి, చేతిలోని కానాగంత చేపని ఆ రాతికేసి గరగరా రుద్దింది. "ఇను!"



"పులుసా, ఏపుడా?" అన్నాడు బావ.

"పులుసే. నీ పని సప్పుడు నువ్వూ ఇనిపించు."

గ్రైండర్ రొద, దాని మధ్య ఎవరో ఒరియాలో విసుక్కోవడం వినిపించాయి. అత్త కళ్లు మూసుకుని విన్నది. బావ రావడం మానుకున్నాడు.

ఆ సాయంత్రం టీవీలో, నెత్తిన మూటతో ఊరొదిలి పోతున్న ఒక ఇరాకీ ఆవిడ కెమెరా వైపు తిరిగి ఏడ్చింది. అంతలోనే ప్రకటన వచ్చేసింది.

అత్త కలిపిన ముద్ద కంచంలోనే ఉంచింది. "ఏడుపుకి ముందు ఏటి సెప్పిందో ఆవిడ? ఏ ఊరో? అట్లాసు తియ్యే."

తీశాను. ఊరి పేరు టీవీ వాళ్లు చెప్పలేదు.