మంచు కురిపించిన మనిషి

మల్లి బలపాలను గుప్పెడేసి తీసి, పీట మీద మెల్లగా తట్టి, కొసలు సమం చేసి అట్టపెట్టెలో పేరుస్తోంది. మార్కాపురం బలపాల షెడ్డులో పంతొమ్మిదేళ్లు కోతమిషను ముందు కూర్చున్న మనిషి. ఊపిరితిత్తుల నిండా పొడి చేరిందనీ, ఇక దుమ్ములో ఉంటే బతకవనీ డాక్టరు చెప్పాక, యజమాని నాగేశ్వర్లు కాళ్లావేళ్లా పడి ఈ పెట్టెల పని సంపాదించుకుంది. ఈ మూల తనదిగా ఉన్నన్నాళ్లే తను బతికి ఉంటుంది. ఆ సంగతి ఆమెకు ఎవరూ చెప్పనక్కర్లేదు.

మధ్యాహ్నం మిషన్లు ఆపించి, రీలు తియ్యడానికి నాగేశ్వర్లు కూతురు తనూజ వచ్చింది. మే నెల ఎండలో నల్ల వెల్వెట్ గౌను, నల్ల లిప్‌స్టిక్, నెత్తిన ముళ్ల కిరీటం. ఇన్‌స్టాలో ఆ పిల్ల చీకటిరాణి. ముద్దు పెట్టి మగవాడి ప్రాణం తీసే మృత్యుదేవత. ప్రాణం పోగొట్టుకోవలసిన మేనబావ రామ్‌ప్రసాద్ ఉన్ని కోటులో ఉడికిపోతున్నాడు. మంచు ఒక్కటే తక్కువ. బలపం పొడికి ఈ ఊళ్లో ఏం కరువు!

"మల్లక్కా, ఫ్యాను ముందర జల్లెడతో పొడి పొయ్యి. నీ చెయ్యి తేలిక."

"డాక్టరు దుమ్ము కాడికి పోవద్దన్నాడు పాపా."

"ఐదు నిమిషాలే అక్కా. లేకుంటే నాయనకు చెప్పి మళ్లీ కోతకాడ కూసోబెట్టిస్తా," అని నవ్వింది తనూజ.

తమాషాకే అంది. తమాషాను తమాషాగా తీసుకునే తాహతు మల్లికి లేదు.

కొంగు ముక్కుకు చుట్టుకుని స్టూలెక్కింది. మంచు బ్రహ్మాండంగా కురిసింది. మొదటిసారి రామ్‌ప్రసాద్ తుమ్మాడు. రెండోసారి కిరీటం జారింది. మూడోసారి మల్లికి దగ్గు తెర వచ్చింది.

"ఏందక్కా, అట్ల దగ్గితే ఎట్ల? మూడంతా పాయె!"

నాలుగోసారి ఆపుకుంది. కళ్ల నీళ్లు కారుతున్నా, పాట అయ్యేదాకా జల్లెడ ఆడిస్తూనే ఉంది. అందరూ ఫోను చుట్టూ మూగారు. మల్లి తనంతట తనే దిగి, పెట్టెల దగ్గరికి పోయి, సగం నిండిన పెట్టె ముందేసుకుని కూర్చుంది.

"రోన్ని నీళ్లియ్యి విశ్వాసం," అంది పక్కనామెతో.

విశ్వాసం చెంబుతో వచ్చేసరికి తాగే మనిషి లేదు.

తనూజ ఏడ్చింది. నిజంగానే ఏడ్చింది. ఏడ్చి, సాయంత్రం రీలు పెట్టింది. 'మంచు ఎంత నిజంగా ఉందో, ఏ ఊరండీ?' అని జనం అడిగితే నల్ల గుండెబొమ్మలు జవాబుగా పెట్టింది. ఆ పిల్లను తిట్టడానికి మాటలు చాలవు.

మర్నాడు మిషన్లు తిరిగాయి. పెట్టెల మూలలో ఇంకొకామె కూర్చుంది. షెడ్డు గుమ్మం బయట మల్లి చెప్పులు విడిచినచోటే ఉన్నాయి. అరిగి గుంటలుపడ్డ బొటనవేళ్ల చోట తెల్లటి పొడి నిండింది.