తారుమారైన రెండు లిమిట్లు

మా విభాగంలో అందరూ ఆయన్ని పెద్దాయన అంటారు. నాకు గణిత భౌతికశాస్త్రం నేర్పింది ఆయనే. అయస్కాంతాల మీద ఆయన వయసులో ఉండగా నిరూపించిన సిద్ధాంతం పాఠ్యపుస్తకాల్లోకి ఎక్కింది. దాని పుణ్యమా అని మాకు ఈ భవనం, గదులు, కుర్చీలు వచ్చాయి. ఆ సిద్ధాంతంలో తప్పు పట్టింది నేను. అది కూడా నా ఉద్యోగం పర్మనెంటు చేయాలా వద్దా అని తేల్చే కమిటీకి ఆయన పెద్దగా ఉన్న ఏడాదే. నా జాతకం అలాంటిది.

పనిగట్టుకుని వెతకలేదు. కొత్తరకం అయస్కాంతం మీద నా లెక్కకు ఆ సిద్ధాంతాన్ని వాడుకుంటే, ఆ అయస్కాంతానికి అసలు అయస్కాంత గుణమే లేదని జవాబొచ్చింది. నెలల తరబడి నన్ను నేనే తిట్టుకుంటూ ప్లస్సులూ మైనస్సులూ జల్లెడ పట్టాను. చివరికి విసుగెత్తి ఆయన పేపరునే మొదట్నుంచి చదివితే, ఒకచోట రెండు లిమిట్ల, అంటే ఒకదాన్ని అంతులేకుండా పెంచడం, ఇంకోదాన్ని సున్నాకి దించడం, వరుస మార్చేసి, పక్కన "ఇది స్పష్టమే" అని రాసి ఉంది. మా వృత్తిలో ఆ మాట కనబడిందంటే రాసినవాడికి ఓపిక అయిపోయిందని అర్థం. రాసింది పెద్దాయన కాబట్టి ఎవరూ తడిమి చూడలేదు.

ముందుగా ఆయన గదికే వెళ్ళి చెప్పాను. ఆయన కాదనలేదు, అవుననలేదు. కమిటీ ముందు ఇంకేదైనా విషయం మాట్లాడమనీ, ఇది పర్మనెంటయ్యాక తీరిగ్గా రాసుకోవచ్చనీ అన్నారు. ఇంటికొస్తే, బళ్ళో సంగీతం చెప్పే మా ఆయన కూడా అదే పాట అందుకున్నాడు. "ఒక్క గంట నోరు కట్టేసుకో. తర్వాత జీవితాంతం విప్పుకుందువుగాని." అతని భయం నాకు అర్థమైంది. నాకు మాత్రం భయం లేదా ఏమిటి? అయినా ఒళ్ళు మండింది.

పర్మనెంటు కావలసినవాళ్ళు కమిటీ ముందు సుద్దముక్కతో బోర్డు మీద మాట్లాడాలి, అది మా దగ్గర ఆనవాయితీ. నేను తిన్నగా వెళ్ళి ఆ తప్పునే బోర్డు మీద పెట్టాను. అయస్కాంతపు ముక్కను అంతులేకుండా పెంచి, ఆ తర్వాత దాని మీద బయటినుంచి పెట్టిన అయస్కాంత బలాన్ని సున్నా చేస్తే ఒక జవాబు. ముందే సున్నా చేసి, తర్వాత ముక్కను పెంచితే ఇంకో జవాబు. ముందు వరుసలోని ఒకాయన, అంత పెద్ద తేడా ఏముంటుందని తేలిగ్గా నవ్వాడు.

"చొక్కా ఇస్త్రీ చేసి తొడుక్కోవడం, తొడుక్కుని ఇస్త్రీ చేసుకోవడం ఒకటేనంటారా?" అన్నాను.

ఎవరూ నవ్వలేదు. పెద్దాయన లేచి వచ్చి నా చేతిలోంచి సుద్ద తీసుకున్నారు. ఒక దారి పట్టారు, చెరిపారు, ఇంకో దారి పట్టారు. నాకు పాఠం చెప్పిన మనిషి అలా రాసి చెరుపుకోవడం చూసి నాకు ఏడుపొచ్చింది. అలాగని అన్న మాట వెనక్కి తీసుకోవాలని మాత్రం అనిపించలేదు. చివరికి ఆయన సుద్ద కింద పెట్టి, "నిజమే, నిరూపణ ఇక్కడ తెగింది," అన్నారు.

నన్ను బయట కూర్చోబెట్టి తలుపేసుకున్నారు. కాసేపటికి మిగతావాళ్ళు నా వైపు చూడకుండా వెళ్ళిపోయారు. లోపల పెద్దాయన ఒక్కరే ఉన్నారు. ఉద్యోగం ఇవ్వడం లేదనీ, నాతో కలిసి పనిచేయడం కష్టమని కమిటీ తేల్చిందనీ చెప్పారు. మీరు ఎటు ఓటేశారని అడిగాను.

"ఆగమన్నానుగా అమ్మాయ్. ఒక్క ఏడాది ఆగితే కొంపలు మునిగేవా?"

"మునిగేవి సర్. ఆపాటికి నేను కూడా ఆ సిద్ధాంతం కింద కుర్చీ వేసుకుని కూర్చునేదాన్ని. ఇక లేవబుద్ధయ్యేది కాదు."

ఆయన కళ్ళద్దాలు తీసి తుడుచుకుంటూ, నా గది ఎప్పటిలోగా ఖాళీ చేయాలో చెప్పారు.

"నన్ను పంపించేస్తారు, సరే. ఆ తప్పుని ఎక్కడికి పంపిస్తారు?" అన్నాను.

ఆ సాయంత్రమే నా పేపరు జర్నలుకి పంపించాను. రచయిత పేరు కింద సంస్థ పేరు వేయాలి కదా, అక్కడ మా ఇంటి చిరునామా వేశాను. డోర్ నంబరుతో సహా.