దీవిలో మేక ఉందో లేదో

అయినా బ్రౌజర్‌నే తీసిపారేస్తే పీడా పోతుంది కదా అనుకుంది గాని, ఒకటి పోతే దాని సవతి వచ్చి ఆ పీట మీదే కూర్చుంటుందని ఆమెకేం తెలుసు. మొన్నటిదాకా లాప్‌టాప్ తెరమీది ఆట బొమ్మ మీద నొక్కితే నీలం గుర్తున్న బ్రౌజర్ తెరుచుకునేది. దాన్ని కంప్యూటర్‌లోంచి తుడిచేసింది. నిన్న నొక్కితే ఎర్ర గుర్తున్నది తెరుచుకుంది. ఆట మాత్రం తెరుచుకోలేదు. వైరస్ కాదు, అది చూసింది. ఆటని తీసేసి మళ్ళీ ఎక్కించింది, రెండుసార్లు. ఇంటర్నెట్‌లో ఎవరో పుణ్యాత్ముడు సెట్టింగుల్లో ఏదో మార్చమంటే మార్చింది. ఇంకో పుణ్యాత్ముడు దాన్ని మార్చకూడదంటే యథాస్థానానికి తెచ్చింది. మరి ఇంకేం మిగిలింది?

చేతులు మాత్రం వాటి పని అవి చేసుకుపోతున్నాయి. మైనంలో ఆఖరి దవడపన్ను నిలబెడుతున్నాయి. ఎదురుగా బల్లమీద ఒక పాత ఫోటో ఆనించి ఉంది. ఆమె ఎన్నడూ చూడని ఒక ముసలావిడది, ముప్ఫై ఏళ్ళ కిందటి నవ్వు. ఆ నవ్వుని చూసి కట్టుడు పళ్ళ వరస అమర్చాలి. పదహారేళ్ళుగా ఆమె పని ఇదే. ఎన్ని నవ్వులు తన చేతిమీదుగా వెళ్ళాయో లెక్కలేదు గాని, వీధిలో ఎదురుపడితే ఒక్కరూ ఆమెని గుర్తుపట్టరు.

"ఏమ్మా, ఆ ముందు పన్ను లోపలికి తిరిగి చూస్తోంది," అన్నాడు వెనకనుంచి పెద్దాయన. పళ్ళు తయారుచేసే ఆ రెండు గదుల యజమాని. "ఆవిడ నవ్వుతుంటే పన్ను అలిగినట్టుంటే ఎలా?"

"సరిచేస్తాను సార్."

"పన్ను సంగతి సరే, నీ సంగతేంటి? మూడు వారాలుగా చూస్తున్నా. ఒంట్లో బాగాలేదా?"

"లాప్‌టాప్ బాగాలేదు."

"ఓర్నీ! ఇంట్లో ఎవరో మంచం పట్టారనుకున్నా." ఆయన కళ్ళజోడు నుదుటికి ఎక్కించి నవ్వాడు. "మూల మీద కంప్యూటర్ కొట్టు రీస్టార్ట్ లేడూ, వాడికి చూపించు. సగం రోగాలు ఆపేసి మళ్ళీ పెట్టమనే కుదురుస్తాడు. మిగతా సగం నిజంగానే కుదురుస్తాడు."

చూపించొచ్చు. ఈ మూడు వారాల్లో ఆ కొట్టు ముందునుంచి రోజుకి రెండుసార్లు నడిచింది కూడా. కానీ పరాయి మనిషి చేతిలో పెడితే, "ఏం ఆటమ్మా, ఎవరితో ఆడతారు?" అని అడుగుతాడు. అదీ భయం.

ఆ ఆట కథ చెప్పాలంటే వదిన కథ చెప్పాలి. ఆటలో పెద్ద విశేషమేమీ లేదు. ఒక దీవి, దాని మీద ఒక దీపస్తంభం. దాన్ని ఇద్దరు మనుషులు చూసుకోవాలి. ఒకరు దీపం తుడిస్తే ఒకరు నూనె పొయ్యాలి, ఒకరు పడవ నడిపితే ఒకరు తాడు అందుకోవాలి. ఆదివారం మధ్యాహ్నాలు అన్నయ్య పక్కగదిలో గుర్రుపెడుతుంటే, వదినా తనూ దిండ్లు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వుకుంటూ ఆడేవారు. అలా అయిదేళ్ళు. ఆట కొన్నది వదిన, లాప్‌టాప్ సర్ది ఇచ్చింది వదిన, ఖాతా వదిన పేరు మీదే. పాస్‌వర్డ్ అనగానే దణ్ణం పెట్టే మనిషికి ఖాతా దేనికని, "నువ్వు ఆడు చాలు, తాళాలు నేను చూసుకుంటా," అంది.

దీవిలో ఒక మేక ఉండేది. దానికి వదిన 'ఆడపడుచు' అని పేరు పెట్టింది.

"ఎందుకే వదినా ఆ పేరు?"

"పెట్టింది తింటుంది, పెట్టినవాళ్ళనే పొడుస్తుంది. ఇంకేం పేరు పెట్టను మరదలు పిల్లా?"

దానికి బదులుగా ఆమె కోడిపుంజుకి 'వదిన' అని పెట్టింది. తెల్లారకుండా కూస్తుంది, పనంతా ఎదుటివాళ్ళ చేత చేయిస్తుంది అని.

ఆ ఆటలో ఒక నియమం ఉంది. నెల రోజులు ఎవరూ మేత వెయ్యకపోతే మేక దీవి వదిలి వెళ్ళిపోతుంది. ఎవరో ఒకరు, ఏ ఊళ్ళోంచైనా, ఏ కంప్యూటర్‌లోంచైనా వచ్చి గుప్పెడు గడ్డి వేస్తే చాలు, ఉంటుంది.

అన్నయ్యా వదినా విడిపోయి ఏడాది దాటింది. అరుపులు లేవు, పంచాయితీలు లేవు. ఇద్దరూ మంచివాళ్ళే. ఆ మంచితనమే అందరి ప్రాణం తీసింది, ఎవరిని తిట్టుకుని ఊరటపడాలో తెలియక. అమ్మ ఆ పేరు ఎత్తడం మానేసింది. అమ్మ మానేసిందని తనూ మానేసింది. విడాకులు అన్నయ్యకి వచ్చాయి, కాగితం మీద సంతకాలు చేసింది వాళ్ళిద్దరు. తన చేత ఎవరు సంతకం పెట్టించారు? అన్న దారిన వచ్చిన చుట్టం అన్న దారినే పోవాలా? ఈ ప్రశ్న ఆమె ఎవరినీ అడగలేదు. అడిగితే, "అన్నయ్య వైపా, ఆవిడ వైపా?" అని ఎదురుప్రశ్న వస్తుంది.

పంతొమ్మిది రోజుల కిందట, పనినుంచి వచ్చి కాళ్ళు కడుక్కుని, ఏడాది తర్వాత మొదటిసారి ఆ ఆట బొమ్మ మీద నొక్కింది. ఆడడానికి కాదు. మేక ఉందో లేదో చూద్దామని. ఉందంటే వదిన వస్తోందన్నమాట. లేదంటే ఆ సంగతీ తెలిసిపోతుంది.

బ్రౌజర్ తెరుచుకుంది. ఏదో పేజీ, ఏవో అక్షరాలు. బొద్దింకని చూసినట్టు చూసి, చదవకుండానే మూసేసింది. మళ్ళీ నొక్కింది. మళ్ళీ అదే. అలా రోజూ.

నిన్న, ఆదివారం, అన్నయ్య వచ్చాడు. టీ తాగుతూ బల్లమీద విప్పి ఉన్న లాప్‌టాప్ చూశాడు.

"ఇంకా బాగవలేదా ఇది?"

"లేదు."

"పాతదైపోయింది. కొత్తది తీసుకోరాదూ."

"దీంట్లో పాతవున్నాయి."

అన్నయ్య ఈమధ్య సన్నబడ్డాడు. చొక్కా గుండీ ఒకటి వేరే రంగు దారంతో కుట్టుకున్నాడు, తనే.

"తను ఇల్లు వదిలిన రోజు నువ్వు వస్తావని చూసింది," అన్నాడు ఉన్నట్టుండి. "సామాను ఎక్కించాక గంటసేపు మెట్ల మీద కూర్చుంది. బండివాడు విసుక్కున్నాడు. నేనే తనని ఇంక వెళ్ళమన్నాను."

"పని ఉందన్నయ్యా ఆ రోజు."

"ఉంటుందిలే."

పని లేదు. అది ఇద్దరికీ తెలుసు. ఆ రోజు ఆమె ఎవరో ముసలాయన కింది పళ్ళ సెట్టుకి మెరుగు పెడుతూ కూర్చుంది. అప్పటికే మెరుస్తున్నదాన్ని ఇంకా ఇంకా. మొహం చూపిస్తే ఏడుస్తుందని, ఏడిస్తే అన్నయ్యని తప్పుపట్టినట్టవుతుందని, లేకపోతే వదినని తప్పుపట్టినట్టవుతుందని. ఏడుపులో కూడా వైపులుంటాయని ఆ రోజే ఆమెకి తెలిసింది.

అన్నయ్య వెళ్ళాక ఆట బొమ్మ మీద పదకొండుసార్లు నొక్కింది.

సోమవారం సాయంత్రం, ఆ ముసలావిడ అలిగిన పన్నుని సరిచేసి, లాప్‌టాప్ సంచీ భుజాన వేసుకుని ఆమె రీస్టార్ట్ కొట్టు మెట్లెక్కింది. ఇంకా ఎండ పోలేదు. ఇరుకు గది, గోడనిండా తీగలు, విప్పి పెట్టిన కంప్యూటర్లు. రీస్టార్ట్ యాభై దాటిన మనిషి, వేళ్ళు మాత్రం వీణ వాయించేవాడిలా ఉన్నాయి.

"చెప్పమ్మా, ఏంటి బాధ?"

"ఆట నొక్కితే బ్రౌజర్ తెరుచుకుంటోందండీ."

"ఆపేసి మళ్ళీ పెట్టారా?"

"పంతొమ్మిది రోజులుగా అదే పని."

ఆయన నవ్వి, ఆట బొమ్మ మీద నొక్కాడు. పేజీ తెరుచుకుంది. ఆమె చెయ్యి అలవాటుగా మూసెయ్యడానికి ముందుకెళ్ళింది. ఆయన ఆపాడు.

"ఉండండమ్మా, అదేమంటోందో విననివ్వండి." తెరమీది అక్షరాలు మెల్లగా చదివాడు. "రోగం లేదు, ఏం లేదు. చాన్నాళ్ళు తెరవకపోతే ఈ ఆట ముందు బ్రౌజర్‌లోకి తీసుకెళ్ళి 'మీరెవరు' అని అడుగుతుంది. జవాబు చెప్తే దానంతటదే ఆటలోకి పోతుంది. మీరు గేటు దగ్గర కాపలావాణ్ణి చూసి దొంగనుకున్నారు."

"ఏం చెప్పాలి?"

"ఖాతా ఉన్నవాళ్ళ ఫోనుకి కోడ్ వెళ్ళింది. ఆరంకెలు. అది ఇక్కడ కొట్టాలి. నంబరు చివర ఏడు, మూడు. మీదేనా?"

ఆమెది కాదు. ఆ ఏడూ మూడూ ఎవరివో నిద్రలో అడిగినా చెప్తుంది.

"కోడ్... ఇప్పుడు వెళ్ళిందా?"

"ఈ పేజీ తెరుచుకున్నప్పుడల్లా వెళ్తుంది. మనం అడగక్కర్లేదు."

"తెరుచుకున్నప్పుడల్లానా?"

"తెరుచుకున్నప్పుడల్లా."

ఆమె కుర్చీకోసం చూసింది. లేదు. పంతొమ్మిది సాయంత్రాలు. కొన్ని రోజులు రెండేసి. నిన్న పదకొండు.

"వాళ్ళకి... ఎవరు తెరుస్తున్నారో తెలుస్తుందా?"

"నాకూ ఈ ఆట ఉంది, చూడండి." రీస్టార్ట్ తన ఫోను తీసి ఒక పాత మెసేజ్ చూపించాడు. పైన అంకెలు. దాని కింద, 'ఫలానా పేరుగల కంప్యూటర్ నుంచి' అని. ఇంకా కింద, 'ఇది మీరు కాకపోతే ఇక్కడ నొక్కండి, ఆ కంప్యూటర్‌ని ఆపేస్తాం' అని. "మీ కంప్యూటర్ పేరేంటో చూద్దాం." రెండు మీటలు నొక్కి చదివాడు. "పళ్ళ మహారాణి." తలెత్తి చూశాడు. "ఎవరు పెట్టారమ్మా ఈ పేరు?"

లాప్‌టాప్‌కి ఒక పేరుంటుందనే ఆమెకి తెలియదు. సర్ది ఇచ్చిన రోజే వదిన పెట్టి ఉంటుంది. చెప్పకుండా, తనలో తను నవ్వుకుంటూ.

"ఆపేయించాలంటే వాళ్ళకి ఒక్క వేలు పని," అన్నాడు రీస్టార్ట్. "ఆపలేదు మరి. ఆ నంబరుకి ఫోన్ చేసి కోడ్ అడగండి, రెండు నిమిషాల్లో అయిపోతుంది. పది నిమిషాలు పనిచేస్తుందది. కావాలంటే మళ్ళీ పంపిస్తాను."

"వద్దు వద్దు, ఇంక పంపకండి." లాప్‌టాప్ మూసి, సంచీలో పెట్టుకుంది.

"ఏమీ చెయ్యలేదుగా నేను, థాంక్స్ దేనికి," అంటున్నాడాయన, ఆమె ఇంకా చెప్పకముందే.

కొట్టు మెట్ల మీద కూర్చుంది. ఎదుటి దుకాణంవాడు నీళ్ళు చల్లుతున్నాడు. పంతొమ్మిది సాయంత్రాలు ఆ ఫోను ఏ గదిలో మోగిందో! వదిన ఫోనెప్పుడూ బోర్లా పెట్టేది. అది మోగితే, తిప్పి చూసి, 'పళ్ళ మహారాణి' అన్న అక్షరాలు చదివి, మళ్ళీ బోర్లా పెట్టి ఉంటుంది. నిన్న పదకొండుసార్లు తిప్పి ఉంటుంది. విసుక్కుందా? నవ్విందా? ఆపే మీట నొక్కలేదు. అలాగని ఫోనూ చెయ్యలేదు. ఎందుకు చెయ్యాలి? ఆ రోజు మెట్ల మీద గంటసేపు కూర్చుని చూసింది వదిన, వెళ్ళనిది తను.

ఇప్పుడు చేతిలో ఒక సాకు ఉంది. ఎవరూ తప్పుపట్టలేని సాకు. "కోడ్ చెప్పు వదినా, ఆట తెరుచుకోవడం లేదు" అనొచ్చు. వదిన ఆరంకెలు చెప్తుంది. తను థాంక్స్ అంటుంది. మేక ఉందో లేదో తేలిపోతుంది. అన్నయ్య వైపు నిలబడ్డట్టూ ఉంటుంది, ఆవిడతో మాట్లాడినట్టూ ఉంటుంది. ఎవరికీ ఏమీ చెప్పుకోనక్కర్లేదు. ఎంత హాయి! ఆ హాయి రుచి ఆమెకి తెలుసు. మెరిసే పళ్ళకి ఇంకా మెరుగు పెడుతూ కూర్చున్న రోజున ఉన్న రుచే అది. పంతొమ్మిది రోజులుగా బ్రౌజర్లని తుడిచిందీ ఆ రుచికోసమే.

ఫోను బయటికి తీసి టైము చూసింది. కోడ్ వెళ్ళి నాలుగు నిమిషాలైంది. ఫోనుని ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. ఎదుటి దుకాణంవాడు చల్లిన నీళ్ళు ఇంకిపోయాయి. ఒక సైకిలు వెళ్ళింది. రీస్టార్ట్ ఒకసారి గుమ్మంలోకి వచ్చి, చూసి, లోపలికి పోయాడు. ఏడు నిమిషాలు. తొమ్మిది. పది నిండాక, పాపం ఇంకా ఊపిరి ఉందేమోనని ఇంకొక నిమిషం ఆగింది.

కోడ్ చచ్చిపోయింది, దాంతోపాటు సాకూ. అడగడానికి ఇంక ఏమీ లేదు.

అప్పుడు ఆమె వదిన నంబరు నొక్కి, ఫోను చెవికి ఆనించుకుంది.