తన స్టాప్

ముందే ఒప్పేసుకుంటున్నా: నిఖిల చేసింది తప్పో ఒప్పో నాకిప్పటికీ తెలీదు.

కెనడాలోని విన్నిపెగ్‌లో ఓ చిన్న టీవీ ఛానల్లో ఆమెది పార్ట్‌టైమ్ ఉద్యోగం. లైవ్ ప్రోగ్రాం జనానికి కొన్ని సెకన్లు ఆలస్యంగా చేరుతుంది. ఈలోపు ఎవరైనా బూతు మాట్లాడితే బటన్ నొక్కి కోసెయ్యాలి. "బీటెక్ చదివింది బూతులు వినడానికా?" అని వాళ్లమ్మ బాధ.

ఆ సాయంత్రం ఐర్లండ్ గొడవల మీద చర్చ. ఐర్లండంతా ఒకే దేశం కావాలనే క్యాథలిక్ డెక్లాన్ ఒకవైపు, బ్రిటన్‌తోనే ఉంటామనే ప్రొటెస్టెంట్ పాస్టర్ ఇంకోవైపు. ఇద్దరూ ముసలాళ్లే, అరుపులకు మాత్రం వయసు మీద పడలేదు. నిఖిల చిప్స్ నములుతూ వింటోంది.

ఉన్నట్టుండి డెక్లాన్ గొంతు తగ్గించాడు. జేబులోంచి పాత ఫోటో తీసి కెమెరాకి చూపించాడు.

"మా తమ్ముణ్ణి పోలీసులకి పట్టించి చంపించింది వీడే. పేరు మార్చుకుని ఈ ఊళ్లోనే ఉన్నాడట. చూసినవాళ్లు చెప్పండి. మిగతాది మేం చూసుకుంటాం."

ఫోటోలోని కుర్రాడికి ఎడమచెవి తమ్మె చీలి ఉంది.

నిఖిల నమలడం ఆపేసింది. ఆ చెవిని తను రోజూ చూస్తుంది. తనుండే ఇంటి ఓనరు, జో అంకుల్‌ది. ఆయన కిటికీకి వీపు పెట్టి ఎప్పుడూ కూర్చోడు. "వాస్తా అంకుల్?" అని ఆటపట్టించేది కూడా.

చెయ్యి దానంతటదే బటన్ మీద పడింది. ఫోటో జనానికి చేరలేదు.

"బూతేం లేదుగా, ఎందుకు కోశావ్?" హెడ్‌ఫోన్లో ప్రొడ్యూసర్ శ్రీహర్ష అరిచాడు.

"సారీ అండీ, చెయ్యి తగిలింది."

ప్రోగ్రాం అయ్యాక కోటు తొడుక్కుంటుంటే, తలుపు దగ్గర డెక్లాన్. నవ్వుతున్నాడు.

"బటన్ నొక్కింది నువ్వేనా తల్లీ?"

"చెయ్యి తగిలింది సర్."

"సరిగ్గా అప్పుడే తగిలిందా!" ఫోటో మళ్లీ ముందుకు చాపాడు. ఆమె తల తిప్పుకుంది. "చూడవేం? ఇదివరకే చూశావా?"

చీకటి పడ్డాక పాము అనకూడదు, పురుగనాలి అనేది వాళ్ల నాయనమ్మ. పేరెత్తితే వస్తుందట. నిఖిల ఎవరి పేరూ ఎత్తలేదు. అయినా తల తిప్పుకుని పిలిచేసింది.

బస్సెక్కింది. వెనక సీట్లో ఎవరో కూర్చున్న చప్పుడు. కిటికీ అద్దంలో అదే నవ్వు.

ఫోన్ మోగింది. జో అంకుల్ మెసేజ్: "ఎక్కడున్నావ్? సూప్ చల్లారిపోతోంది." ఫోన్ బోర్లా తిప్పి ఒళ్లో పెట్టుకుంది.

తన స్టాప్ వచ్చింది. జో అంకుల్ వంటింటి లైటు కనిపిస్తూనే ఉంది. అటు చూడకుండా, లేవకుండా కూర్చుంది. బస్సు తలుపు మూసుకుంది. బస్సు కదిలింది. వెనక సీట్లోంచి ఎవరూ దిగలేదు.

ఎవర్నో కాపాడాలని మీరూ ఎప్పుడైనా మీ ఇల్లు దాటి వెళ్లిపోయారా? ఆ తర్వాత ఎక్కడ దిగారు? నాకు రాయండి.