లాంతరు గోత్రం

అర్చన చేయించడానికి పేరొక్కటే చాలదు, గోత్రం కూడా కావాలి. సరిగ్గా అక్కడే బుల్లియ్య పప్పులో కాలేశాడు.

బుల్లియ్య తాతలు విశాఖ నుంచి ఓడెక్కి బర్మా వచ్చి యాంగోన్ రేవులో మూటలు మోసినవాళ్లు. అతను బస్సు నడిపి, ఇప్పుడు ఆ ఊళ్లోనే చిమిండైంగ్ పేటలో ఇంటిపట్టున ఉంటున్నాడు. నర్గీస్ తుపాను ఏడాది అతని ఆరేళ్ల కూతురు పద్మినికి వాంతులూ విరేచనాలూ పట్టుకున్నాయి. చెట్లు కూలి దారులన్నీ మూసుకుపోయాయి. మంచినీళ్ల పని మీద ఓ సహాయ సంస్థ పంపగా జాంబియా నుంచి వచ్చిన ఇంజనీరు ముసోండా, పిల్లను భుజాన వేసుకుని, పడిన మానులు దాటుకుంటూ ఆసుపత్రికి నడిచాడు. పిల్ల దక్కింది. ఆనాటి నుంచి బుల్లియ్యకు ముసోండా దేవుడే.

ఆ దేవుడు స్వదేశం వెళ్లి లాంతరు గుర్తు పార్టీలో చేరి ఎన్నికల్లో నిలబడ్డాడు. బుల్లియ్య ఆగుతాడా? అమ్మవారి గుడికి పరిగెత్తాడు. పూజారి గోత్రం అడిగాడు. ఆ దేశంలో మనిషిని ఫలానా వాడని చెప్పేది పార్టీయే కదా అనుకుని, "లాంతరు గోత్రం" అనేశాడు. పూజారి మారుమాట్లాడకుండా చదివేశాడు. ముసోండా గెలిచాడు. రెండోసారి మళ్లీ అదే అర్చన, మళ్లీ గెలుపు, పైగా మంత్రి పదవి. ఇక బుల్లియ్యను పట్టగలమా! జాంబియా ప్రభుత్వం తన కొబ్బరికాయ మీదే నడుస్తోందన్నట్టు తిరిగాడు.

మూడో ఎన్నిక నాటికి సైన్యం గద్దెనెక్కి యాంగోన్‌లో ఇంటర్నెట్ సరిగా లేదు. గని మురికిని ఏట్లో వదలడానికి లాంతరు పార్టీ ఒప్పుకుందని, ముసోండా పదవి వదిలేసి డోలు గుర్తు పార్టీలోకి మారాడు. ఆ కబురు ఇక్కడికి చేరనేలేదు. బుల్లియ్య అలవాటుగా లాంతరు గోత్రమే చెప్పాడు. ముసోండా ఓడాడు. లాంతరు మనిషి గెలిచాడు.

సంగతి తెలిసినప్పటి నుంచి బుల్లియ్యకు ముద్ద దిగలేదు. అమ్మవారు గోత్రం చూసి వరమిచ్చేసింది. కూతుర్ని బతికించినవాణ్ణి తన నోటితో తానే ఓడించాడు.

మొన్నటి భూకంపం తర్వాత ముసోండా మళ్లీ మంచినీళ్ల పనికే వచ్చాడు. మాండలే వెళ్లేముందు బుల్లియ్య ఇంటికి భోజనానికి వచ్చాడు. తల నెరిసింది. బుల్లియ్య భార్య తాయారు గోంగూర రొయ్యలు కొసరి కొసరి వడ్డించింది. మింగళాడోన్ విమానాశ్రయంలో పనిచేసే పద్మినికి ఇంగ్లీషు వచ్చు కాబట్టి అటు మాట ఇటు, ఇటు మాట అటు చేరవేస్తోంది.

"సెప్పమ్మా, నానేటి సేసానో అంతా సెప్పీ," అన్నాడు బుల్లియ్య.

"వద్దు నాన్నా, నవ్వుతాడు."

"నవ్వితే నవ్వనీ. ఆయన కాడ దాపరికమేటి?"

పద్మిని చెప్పింది. ముసోండా నవ్వలేదు. కలుపుతున్న అన్నం అలాగే వదిలేసి ఏదో నెమ్మదిగా చెప్పాడు.

"పార్టీ మారాక తనని గోడ మీద పిల్లి అన్నారట నాన్నా. పాతోళ్లు పేరెత్తనేదు, కొత్తోళ్లు నమ్మనేదు. ఆ ఏడు నా పేరు మంచిగా పలికినోళ్లు లోకంలో ఒక్కరూ లేరనుకున్నాను, ఇక్కడ గుళ్లో పలికారా, అంటన్నాడు," అంది పద్మిని.

"మరి నా మీద కోపం నేదా, బాబూ?"

ముసోండా తల అడ్డంగా ఊపాడు. ఓటేసింది తన ఊరివాళ్లే గాని అమ్మవారు కాదన్నాడు. ఇప్పుడు తనకు ఏ పార్టీ లేదనీ, ఈసారి ఏ గోత్రం చెబుతావు ఊ బుల్లియ్యా అనీ, బర్మావాళ్లు పెద్దల్ని పిలిచే 'ఊ' చేర్చి మరీ అడిగాడు. బుల్లియ్య కళ్లు తుడుచుకున్నాడు.

మర్నాడు పొద్దున్నే ముసోండాను వెంటబెట్టుకుని గుడికి వెళ్లాడు. పూజారి పళ్లెం అందుకున్నాడు.

"ముసోండా. నాగుల గోత్రం," అన్నాడు బుల్లియ్య.

పూజారి ఆ నల్లని ఆరడుగుల మనిషిని ఎగాదిగా చూశాడు. "నాగుల గోత్రం మీది కదయ్యా?"

"మరే. మా పెద్దోడు."