చేప గుర్తున్న రాయి

నేను ఒక నల్లరాయి దిమ్మెను. నేలలోపల నా వయసు కోట్ల ఏళ్లు. అయినా చీమకుర్తి క్వారీలో వైరుతో కోసి పైకి తీసినప్పుడు చూసినవాళ్లంతా నన్ను తాజా సరుకన్నారు. మనుషుల లెక్క అంతే, తాము చూసిన రోజే వస్తువు పుట్టినరోజు.

నన్ను కొనడానికి వచ్చినామె పేరు హాలినా. పోలండులో సమాధిరాళ్లు చెక్కే చిన్న కార్ఖానా ఆమెది. సుత్తితో నన్ను నాలుగు వైపులా తట్టి చెవి ఆనించి విన్నది. లోపల పగులుంటే రాయి బొంగురుగా పలుకుతుంది. నేను ఖంగుమన్నాను. వెంటనే డబ్బా తెరిచి నా మీద పసుపు రంగుతో చేప బొమ్మ వేసింది. నా పక్కనున్న దిమ్మెలకూ వేసింది. యార్డులో ఆ పూటే ఆమెకు చేపమ్మ అని పేరు పడింది.

మా దగ్గర ఒక కట్టుబాటు ఉంది. కొనేవాళ్లు గుర్తు వేసిన రాయిని మరొకరు బేరమాడరు. ఆ గుర్తును వేసిన చెయ్యే చెరపాలి. ఇది ఏ కాగితం మీదా లేదు.

క్వారీ యజమాని నాగభూషణం అడ్వాన్సు తీసుకున్నాడు. హాలినా ఆ సొమ్ము కార్ఖానాను తాకట్టు పెట్టి తెచ్చింది. ఓడ వచ్చేలోపు రాయి ధర పెరిగింది. ఇంకొంత ఇస్తేనే పంపుతానని అతను అడ్డం తిరిగాడు. ఆమె ఒప్పుకోలేదు. తగువు వస్తే సింగపూర్‌లో మధ్యవర్తి తేల్చాలని ముందే ఒప్పందంలో రాసుకున్నారు. రమ్మని కబురు వచ్చినా నాగభూషణం వెళ్లలేదు. అడ్వాన్సు వడ్డీతో తిరిగివ్వాలని తీర్పు వచ్చిన రోజు నా మీద కాలు పెట్టి నవ్వాడు.

"సింగపూర్లో గెలిస్తే సింగపూర్లోనే తీసుకోమను. ఆ తీర్పుకి చీమకుర్తి దారి తెలవొద్దా?"

దారి తెలుసు, నడకే నెమ్మది. పరాయి దేశంలో ఇచ్చిన ఇలాంటి తీర్పులను తమ కోర్టుల్లోనూ అమలు చేస్తామని దేశాలు ఒకదానికొకటి మాట ఇచ్చుకున్నాయట. హాలినా లాయరు సర్వమంగళ యార్డు చూడటానికి వచ్చినప్పుడు చెప్పింది. హైకోర్టులో నాగభూషణం మొదట తనకు కబురే అందలేదన్నాడు. అందిందని తేలాక తీర్పే అన్యాయమన్నాడు. తగువును మొదటినుంచి విచారించడం తమ పని కాదని, అమలు చేయడమే తమ పని అని కోర్టు చెప్పింది. అంతలో నా చుట్టూ తుమ్మ మొక్కలు చెట్లయ్యాయి. అతని బ్యాంకు ఖాతాలు ఖాళీ అయ్యాయి. లారీలు, క్వారీ లీజు బావమరిది పేరుకు మారాయి. అతని పేరు మీద మిగిలినవి మేమే. చేప గుర్తున్న రాళ్లను బావమరిది కూడా వద్దన్నాడు మరి.

కోర్టు అమీనా యోహాను వచ్చి మమ్మల్ని జప్తు చేసి వేలం పెట్టాడు. వ్యాపారులంతా వచ్చారు, టీ తాగారు, కూర్చున్నారు. ఒక్కరూ పాట పాడలేదు. నాగభూషణం బెదిరించాడేమోనని అమీనాకు అనుమానం వచ్చింది. అప్పుడు పాత వ్యాపారి మస్తాన్ లేచాడు.

"భయం గాదు సారూ. ఆ రాయి మీద చేపమ్మ గుర్తుంది. ఇయ్యాల దాన్ని నేను పాడుకుంటే రేపు నా గుర్తును ఎవుడు లెక్కజేస్తాడు?"

"ఆమె డబ్బు కోసమే గదయ్యా ఈ వేలం."

"అయితే ఆమెనే వొచ్చి చెరపమను."

ఆమెకు రావలసినదానికి అడ్డుపడింది ఆమె మీద ఉన్న మర్యాదే. ఇలాంటి ముడి మనుషులే వేయగలరు.

హాలినా వచ్చింది. జుట్టు నెరిసిపోయింది. రంగు చెరిపే మందు సీసాను సర్వమంగళ ఆమె చేతికిచ్చింది. చెరిపితే మేము అమ్ముడుపోతాం. కానీ రాయి ధర అప్పటికి పడిపోయింది, వచ్చే సొమ్ముతో తాకట్టు విడవదు. ఆమె సీసా మూత తీసి, మళ్లీ బిగించి, తానే పాడవచ్చా అని అడిగింది. కోర్టు అనుమతిస్తే పాడవచ్చని, పాట సొమ్మును రావలసిన బాకీలో తగ్గిస్తారని సర్వమంగళ చెప్పింది. అనుమతి తెచ్చుకున్నారు. మళ్లీ వేలం జరిగినప్పుడు ఆమె ఒక్కతే పాడింది. మిగతావాళ్లు చేతులు కట్టుకుని కూర్చున్నారు.

ఆమె ఏదో అంటే సర్వమంగళ తెలుగులో చెప్పింది. "మొదట నేను అడిగింది ఈ రాళ్లనే కదా, అంటోంది."

నాగభూషణం ఏమీ జరగనట్టే ఆమెకు కొబ్బరిబోండాం తెప్పించాడు. మంచి సరుకు తీస్తున్నానని, వచ్చే ఏడు మళ్లీ రమ్మన్నాడు. ఆమె బోండాం తాగి, ఈసారి రాళ్లు ఓడ ఎక్కాకే డబ్బిస్తానంది.

"మేమూ ఇకనించి అంతే భూషణం," అన్నాడు మస్తాన్.

సింగపూర్ తీర్పుకూ హైకోర్టు ఉత్తర్వుకూ వాడని నాగభూషణం మొహం ఆ ఒక్క మాటకు వాడిపోయింది.

ఇప్పుడు నేను ఆమె కార్ఖానాలో ఉన్నాను. ఇక్కడ చలి ఎక్కువ. మమ్మల్ని చూసి బ్యాంకువాళ్లు తాకట్టు గడువు పెంచారు. ఉన్న మూడు రంపపు యంత్రాల్లో రెండింటిని కోర్టు ఖర్చుల కోసం ఆమె ఎప్పుడో అమ్మేసిందట. అవి నిలబడిన చోట నేలలో బోల్టుల గుంతలు మిగిలాయి. మూడో దాని కింద నన్ను పెట్టారు. నా నుంచి కోసిన పలకల మీద ఈ ఊళ్లో చనిపోయినవాళ్ల పేర్లు చెక్కుతారు. పొద్దున్నే హాలినా చెవుల్లో దూది పెట్టుకుంది. చూడకుండానే ఆ గుంతలను ఒక్కొక్కటిగా దాటుకుంటూ వచ్చి, మీట నొక్కింది.